మన హాల్లో సినిమా హాలు!

శనివారం రాత్రి ఎనిమిదిన్నర. అన్నాలు తిని ఇంటిల్లిపాదీ టీవీ ముందు చేరారు. పొద్దున్నే కొత్త హోం థియేటర్ వచ్చింది మరి! అయిదు స్పీకర్లు, ఓ పెద్ద సబ్ ఊఫర్, మధ్యలో మిలమిల్లాడే రిసీవర్... అన్నీ టీవీ స్టాండు మీద దసరా బొమ్మల కొలువులా వరసగా కొలువుదీరాయి. లైట్లు ఆర్పేశారు. సినిమా మొదలైంది.

పది నిమిషాలు గడిచాయో లేదో... 'ఏవన్నాడ్రా వాడు?' అంది నానమ్మ. మనవడు చెప్పాడు. మరో నిమిషానికి మళ్లీ, 'ఏవందిరా ఆ పిల్ల?' మనవడు విసుక్కుంటూ రిమోట్ అందుకుని సౌండు పెంచాడు. అంతలోనే ఫైటు. సుమోలు గాల్లోకి లేచాయి. షోకేసులో గాజు గ్లాసులు గజగజలాడాయి. కింది ఫ్లాటాయన వచ్చి కాలింగ్ బెల్ కొట్టాడు. సౌండు తగ్గించారు. మళ్లీ మాటలు... మళ్లీ నానమ్మ ప్రశ్న. ఇంటర్వెల్ దాకా కూడా ఉండకుండా ఆవిడ లేచి, 'దీనికన్నా ఆ పాత టీవీయే నయం నాయనా' అంటూ గదిలోకెళ్లి పడుకుంది.

వేలకు వేలు పోసి కొన్నది ఇలా ఎందుకైంది? తప్పు స్పీకర్లదా? నానమ్మ చెవులదా? చాలా ఇళ్లలో ఆ రెండూ కాదు... అమరికది! సరౌండ్ సౌండ్ అనేది అట్టపెట్టెలో వచ్చే సరుకు కాదు. పెట్టెలో వచ్చేవి స్పీకర్లు మాత్రమే. వాటిని ఎక్కడ కూర్చోబెట్టాలో అక్కడ కూర్చోబెట్టి, ఒకదానితో మరొకదానికీ, అన్నిటికీ కలిపి గదితోనూ పొత్తు కుదిర్చినప్పుడే అది సరౌండ్ అవుతుంది. పొత్తు కుదిరిందో లేదో తెలుసుకునే పరీక్ష కూడా ఒక్కటే. నానమ్మ 'ఏవన్నాడ్రా' అని అడక్కుండా సినిమా చివరిదాకా చూడగలగాలి!

తెర మీంచి తల వెనక్కి...

ప్రేక్షకుడి చుట్టూ శబ్దం ఉండాలన్న ఆలోచన ఈనాటిది కాదు. వాల్ట్ డిస్నీ 1940లోనే 'ఫాంటాసియా' సినిమా కోసం 'ఫాంటాసౌండ్' అనే ప్రత్యేక ఏర్పాటు చేయించాడు. ఖర్చు తడిసి మోపెడవడంతో అది కొద్ది హాళ్లను దాటి రాలేదు. 1979లో వచ్చిన 'అపోకలిప్స్ నౌ'లో హెలికాప్టర్లు జనం తలల చుట్టూ తిరిగినట్టు వినిపించి ఆశ్చర్యపరిచాయి. 1992లో 'బ్యాట్‌మన్ రిటర్న్స్'తో డాల్బీ డిజిటల్ వచ్చింది. మరుసటి ఏడాది 'జురాసిక్ పార్క్'తో డీటీఎస్ రంగంలోకి దిగింది. దీని తమాషా ఏంటంటే... సినిమా రీలు మీద ఈ డిజిటల్ శబ్దానికి బదులు దాని సంకేతం మాత్రమే ఉండేది. ఆ డిజిటల్ శబ్దం వేరే సీడీల్లో ఉండి, ఆ సంకేతాన్ని పట్టుకుని బొమ్మతో పాటు నడిచేది. ఆ తర్వాత మన ఊళ్లలోనూ థియేటర్ బోర్డుల మీద 'డీటీఎస్' అన్న మూడక్షరాలు చూసి టికెట్లు కొన్నవాళ్లు ఎందరో!

2012లో 'బ్రేవ్' అనే యానిమేషన్ సినిమాతో డాల్బీ అట్మాస్ వచ్చింది. అంతకుముందు 'ఈ శబ్దం ఫలానా స్పీకర్లో రావాలి' అని రాసేవారు. అట్మాస్‌లో 'ఈ శబ్దం గదిలో ఫలానా చోటు నుంచి రావాలి' అని రాస్తారు. మీ ఇంట్లో ఎన్ని స్పీకర్లున్నాయో చూసుకుని ఏది ఎందులోంచి పంపాలో రిసీవరే లెక్క కట్టుకుంటుంది. 2015లో 'బాహుబలి'ని కూడా అట్మాస్‌లో మిక్స్ చేశారు. ఇప్పుడవే సౌండ్ ట్రాకులు సినిమా యాప్‌ల ద్వారా నేరుగా ఇంటికే వస్తున్నాయి. అంటే సరుకు సిద్ధం. వండుకోవడమే మన వంతు!

ఆ '.1' ఏంటి?

5.1 అంటే అయిదు స్పీకర్లు, ఒక సబ్ ఊఫర్. ముందు ఎడమ, మధ్య, కుడి... ఇవి మూడు. పక్కన కాస్త వెనగ్గా రెండు. అయిదూ పూర్తి స్థాయి శబ్దాల్ని పలుకుతాయి. ఆరోది పిడుగులూ పేలుళ్లలాంటి అడుగు శబ్దాల కోసమే. అది 120 హెర్ట్జ్ దాకా మాత్రమే పని చేస్తుంది కాబట్టి దాన్ని పూర్తి చానెల్‌గా లెక్కెయ్యకుండా '.1' అన్నారు. 7.1 అంటే వెనక మరో రెండు. 5.1.2 అని రాసి ఉంటే చివరి రెండూ పైకప్పు నుంచి వినిపించేవి.

వీటిలో నానమ్మకి కావాల్సింది ఏది? మధ్యలోది! సినిమాలో మాటలు దాదాపు అన్నీ అందులోంచే వస్తాయి. చిత్రమేంటంటే, చాలా ఇళ్లలో అన్నిటికన్నా అన్యాయమైపోయేది కూడా అదే. టీవీ కింద అల్మరాలో, పుస్తకాలకీ సెట్ టాప్ బాక్సుకీ వెనక, ఒక్కోచోట గాజు తలుపు లోపల దాక్కుని ఉంటుంది. నోటికి చెయ్యడ్డం పెట్టుకుని మాట్లాడే మనిషి మాట ఎలా ఉంటుందో దాని గొంతూ అలాగే ఉంటుంది.

గడియారం గుర్తుంటే చాలు

కొలతలూ కోణాలూ అంటే భయపడక్కర్లేదు. సోఫాలో కూర్చున్న మనిషిని గోడ గడియారం నడిబొడ్డున ఉన్నట్టు ఊహించుకోండి. ఎదురుగా టీవీ ఉన్న చోటు పన్నెండు గంటలు. ఇప్పుడు ఒక్కొక్కటే పెట్టుకుంటూ పోదాం.

పన్నెండింటి దగ్గర సెంటర్ స్పీకర్. టీవీకి కింద గానీ పైన గానీ సరిగ్గా మధ్యలో ఉండాలి. అరలో పెడితే దాని ముఖం అర అంచుదాకా రావాలి. కింద ఉంటే ముందువైపు చిన్న రబ్బరు ముక్క పెట్టి, చూపు మన చెవులవైపు ఉండేలా కాస్త పైకెత్తాలి. ఈ ఒక్క పనితోనే సగం మాటలు తేటపడతాయి.

పదకొండింటి దగ్గర ఎడమది, ఒంటిగంట దగ్గర కుడిది. సోఫాకీ టీవీ గోడకీ మధ్య తొమ్మిదడుగులుంటే, ఈ రెంటి మధ్య ఎనిమిది తొమ్మిది అడుగుల ఎడం ఉండాలి. కూర్చున్నప్పుడు మన చెవులు ఎంత ఎత్తులో ఉంటాయో వాటి చిన్న స్పీకరు, అదే ట్వీటరు, అంత ఎత్తులో ఉండాలి. గోడ మూలకి తోసేస్తే మాత్రం శబ్దం కుండలో మాట్లాడినట్టు ఉంటుంది.

నాలుగింటి దగ్గర ఒకటి, ఎనిమిదింటి దగ్గర ఒకటి... ఇవి సరౌండ్ స్పీకర్లు. అంటే సోఫాకి అటూ ఇటూ, కాస్త వెనగ్గా. చాలామంది వీటిని పూర్తిగా వెనక గోడకి కొట్టేస్తారు. ఇంకొందరు వైరు పొడుగు చాల్లేదని టీవీ పక్కనే పెట్టేస్తారు. రెండూ సరైన చోట్లు కావు. కూర్చున్నవాళ్ల తల కన్నా అడుగు ఎత్తులో ఉంటే పక్కన కూర్చున్నవాళ్ల తలకాయ అడ్డు రాకుండా అందరికీ వినిపిస్తాయి. ఇవి ఎప్పుడూ మోగుతూ ఉండాలని అనుకోకూడదు. వానా, గుడిగంటలూ, వెనకనుంచి వచ్చే బండీ... వీటికోసమే అవి. వాటి ఉనికి తెలియకుండా వాటి పని తెలియాలి.

చివరగా ముఖ్యమైన మాట. సోఫాని వెనక గోడకి ఆనించొద్దు. వీలైతే రెండడుగులన్నా ముందుకు జరపాలి. గోడని తాకి తిరిగొచ్చే శబ్దం చెవుల్లో పడి మాటనీ బేస్‌నీ పాడు చేస్తుంది. 'హాలు ఇరుకు' అంటారా? సినిమా చూసేటప్పుడు జరిపి, అయ్యాక వెనక్కి తోసేస్తే సరి.

నాన్న పాకుతాడు... పిల్లలు నవ్వుతారు

సబ్ ఊఫర్ సంగతి వేరు. సుమారు 80 హెర్ట్జ్ కన్నా కింది శబ్దం ఎటునుంచి వస్తోందో మన చెవి సరిగ్గా గుర్తుపట్టలేదు. కాబట్టి దాన్ని ఎక్కడ పెట్టినా ఫర్వాలేదనుకుంటారు. కానీ గది ఊరుకోదు! ఆ శబ్ద తరంగాలు గది పొడవుతో సమానంగా ఉండి గోడల మధ్య ఊగిసలాడతాయి. ఉదాహరణకి పదహారడుగుల పొడవున్న హాల్లో 35 హెర్ట్జ్ దగ్గర ఈ ఊగిసలాట మొదలవుతుంది. దాంతో గోడల దగ్గర ధనధన మోగే బేస్ గది నడిమధ్యలో దాదాపు మాయమైపోతుంది. 'సబ్ ఊఫర్ పని చెయ్యట్లేదు' అని షాపువాడికి ఫోన్ చేసేవాళ్లలో కొందరు సరిగ్గా ఆ చోటే సోఫా వేసుకుని ఉంటారు.

దీనికో పాత చిట్కా ఉంది. సబ్ ఊఫర్‌ని మోసుకొచ్చి సోఫా మీద, మీరు కూర్చునే చోట పెట్టండి. బేస్ ఎక్కువున్న పాటొకటి వెయ్యండి. ఇప్పుడు ఇంటిపెద్ద మోకాళ్ల మీద పాకుతూ గోడల వెంబడి తిరగాలి. పిల్లలు నవ్వితే నవ్వనివ్వండి! ఎక్కడైతే బేస్ మరీ గుబగుబలాడకుండా, మరీ పల్చబడకుండా, ఒక్కో దెబ్బ విడివిడిగా వినిపిస్తుందో... అదే సబ్ ఊఫర్ ఉండాల్సిన చోటు.

గది కూడా ఓ స్పీకరే!

హాల్లో నిలబడి ఒక్కసారి గట్టిగా చప్పట్లు కొట్టండి. వెంటనే 'టంగ్' మంటూ రేకు డబ్బా మోగినట్టు తోక శబ్దం వినిపించిందా? అయితే స్పీకర్లు ఎంత ఖరీదువైనా మాటలు అలుక్కుపోతాయి. మన ఇళ్లలో నేల మీద నున్నటి టైల్స్, పైన శ్లాబు, బోసి గోడలు, అద్దాల కిటికీలు... అన్నీ శబ్దాన్ని బంతిలా తిప్పికొట్టేవే.

మందు ఇంట్లోనే ఉంది. టీవీకీ సోఫాకీ మధ్య నేల మీద మందపాటి తివాచీ గానీ, అటక మీదున్న జంపఖానా గానీ పరవండి. కిటికీలకి బరువైన కర్టెన్లు కట్టండి. సోఫా వెనక గోడకి పుస్తకాల అల్మరా ఉంటే మరీ మంచిది. ఎగుడుదిగుడు పుస్తకాలు శబ్దాన్ని చెల్లాచెదురు చేస్తాయి. కోడిగుడ్ల అట్టలు గోడలకి అంటించే పని మాత్రం పెట్టుకోవద్దు. అవి బేస్‌ని ఏమీ చెయ్యలేవు సరికదా, నిప్పంటుకుంటే ప్రమాదం. ఇంకో సంగతి... కర్టెన్లూ తివాచీలూ గదిలో ప్రతిధ్వనిని తగ్గిస్తాయే గానీ పక్కింటికి వెళ్లే శబ్దాన్ని ఆపవు.

కాళ్ల పని అయింది... ఇక రిమోట్ పని

స్పీకర్లు చోట్లకి చేరాక వాటి మధ్య సఖ్యత కుదర్చాలి. శబ్దం సెకనులో వెయ్యో వంతుకి దాదాపు ఒక అడుగు దూరం నడుస్తుంది. ముందు స్పీకరు తొమ్మిదడుగుల్లో, పక్కది నాలుగడుగుల్లో ఉంటే పక్కదాని శబ్దం ముందే చెవిన పడుతుంది. అందుకే రిసీవర్లో ఒక్కో స్పీకరు దూరం నమోదు చేసే చోటుంటుంది. టేపు పెట్టి సోఫా నుంచి కొలిచి అంకెలు వేస్తే దగ్గరున్నదాన్ని అది ఆ కాస్త సేపు ఆపి ఉంచుతుంది.

తర్వాత 'టెస్ట్ టోన్'. ఒక్కో స్పీకర్లోంచీ 'ష్...' మని వానలాంటి చప్పుడు వస్తుంది. సోఫాలో కూర్చుని అన్నీ సమానంగా వినిపించేదాకా సరిచెయ్యాలి. ఫోన్లో డెసిబెల్స్ కొలిచే యాప్ ఉంటే పని ఇంకా తేలిక. దాని అంకె కచ్చితంగా ఉండకపోవచ్చు గానీ, ఒకదానితో మరొకదాన్ని పోల్చుకోడానికి చాలు. చాలా రిసీవర్లతో చిన్న మైకు వస్తుంది. దాన్ని కూర్చున్నవాళ్ల చెవి ఎత్తులో నిలబెట్టి, ఫ్యాను ఆపి, వంటింట్లో మిక్సీ వెయ్యొద్దని చెప్పి మీట నొక్కితే ఈ పనులన్నీ అదే చేసుకుంటుంది. సబ్ ఊఫర్ దూరం మాత్రం అసలు కన్నా ఎక్కువ చూపించొచ్చు. అది తప్పు కాదు, దాని లోపలి సర్క్యూట్ వల్ల అయ్యే ఆలస్యాన్ని కూడా కలిపిందన్నమాట.

చిన్న స్పీకర్లయితే సెట్టింగ్‌లో 'స్మాల్' అనీ, క్రాసోవర్ 80 హెర్ట్జ్ అనీ పెట్టాలి. అప్పుడు బరువు శబ్దాల్ని సబ్ ఊఫర్ మోస్తుంది, చిన్నవి తేలిగ్గా పలుకుతాయి. ఇంతా చేశాక కూడా మాటలు మెత్తగా ఉంటే సెంటర్ స్పీకర్ని రెండు మూడు డెసిబెల్స్ పెంచండి. మొత్తం సౌండు పెంచకుండా మాటని మాత్రమే పెంచే మీట అది. నానమ్మ మీట అనుకోండి!

ఇక్కడ మూడు పొరపాట్లు తరచూ జరుగుతాయి. ఒకటి, వైరు ఎరుపూ నలుపూ తారుమారు కావడం. ఒక్క స్పీకరుకి అలా అయినా చాలు, బేస్ పల్చబడి శబ్దం ఎక్కడినుంచి వస్తోందో తెలియకుండా పోతుంది. రెండు, టీవీ సెట్టింగుల్లో సౌండ్ అవుట్‌పుట్ 'పీసీఎం' అని ఉండిపోవడం. అలా ఉంటే చాలా టీవీలు రెండు చానెళ్లే బయటికి పంపుతాయి. దాన్ని 'ఆటో' లేదా 'బిట్‌స్ట్రీమ్'కి మార్చాలి. టీవీ వెనక 'ఏఆర్‌సీ' లేదా 'ఈఏఆర్‌సీ' అని రాసి ఉన్న హెచ్‌డీఎంఐ రంధ్రంలోనే కేబుల్ పెట్టాలి. మూడు, 'ఆల్ చానెల్ స్టీరియో' మోడ్. అందులో అన్ని స్పీకర్లూ ఒకటే పాట పాడతాయి. 'ఆహా, అన్నీ మోగుతున్నాయి' అని సంబరపడతారు. పెళ్లి పందిట్లో మైకులకి అది బాగుంటుంది, సినిమాకి కాదు!

వాట్ల మాయ

ఒకప్పుడు పెట్టెల మీద 'పీఎంపీవో 3000 వాట్స్' లాంటి అంకెలు ఘనంగా వేసేవారు. అవి క్షణకాలపు లెక్కలు, వాటికి అర్థం తక్కువ. చూడాల్సింది ఆర్ఎంఎస్ వాట్లు. అవి కూడా రెట్టింపైతే శబ్దం పెరిగేది మూడు డెసిబెల్సే. చెవికి రెట్టింపు అనిపించాలంటే పది రెట్లు శక్తి కావాలి. కాబట్టి పన్నెండు పదహారడుగుల హాలుకి వాట్ల కోసం పోటీపడక్కర్లేదు. ఉన్న డబ్బులో పెద్ద వాటా ముందున్న మూడు స్పీకర్లకి పెట్టి, మిగతావి తర్వాత ఒక్కొక్కటే చేర్చుకున్నా నష్టం లేదు.

పైకప్పు స్పీకర్ల మోజుంటే... శ్లాబు నున్నగా, చదునుగా ఉన్న గదిలో పైకి చూస్తూ మోగే స్పీకర్లు పనికొస్తాయి. శబ్దం శ్లాబుకి తగిలి కిందికి వస్తుంది. పెంకుటింటికీ, వాలు కప్పుకీ అది కుదరదు. సౌండ్ బార్ కూడా కొంత ఇలాంటిదే. అటూ ఇటూ గోడలుంటే వాటి మీంచి శబ్దాన్ని మళ్లించి చుట్టూ ఉన్నట్టు భ్రమ పుట్టిస్తుంది. ఒకవైపు గోడ లేకుండా వంటిల్లు తెరిచి ఉంటే ఆ భ్రమ సగమే. కొత్తగా ఇల్లు కట్టుకుంటున్నవాళ్లయితే ప్లాస్టరింగ్‌కి ముందే సోఫా చోటుదాకా గోడలో విడిగా పైపు వేయించుకోవాలి. కరెంటు వైర్లున్న పైపులో స్పీకరు వైరు కలపొద్దు. మామూలు హాలుకి 1.5 చదరపు మిల్లీమీటర్ల రాగి వైరు సరిపోతుంది.

పక్కింటి నిద్ర... మన చెవులు

మన సినిమా మన గదిలోనే ఉండాలి. 2000 నాటి శబ్ద కాలుష్య నిబంధనల ప్రకారం నివాస ప్రాంతాల్లో పగలు 55, రాత్రి పది నుంచి ఉదయం ఆరు దాకా 45 డెసిబెల్స్ దాటకూడదు. అన్నిటికన్నా మొండిగా గోడలు దాటి పోయేది బేస్. సబ్ ఊఫర్ కింద మందపాటి రబ్బరు లేదా ఫోమ్ పలక వేస్తే కింది ఫ్లాటుకి అదురు కొంత తగ్గుతుంది. రిసీవర్లో 'నైట్ మోడ్' అని ఒకటుంటుంది. అది పేలుళ్లని తగ్గించి, గుసగుసల్ని పెంచుతుంది. పదో తరగతి పిల్లలున్న పక్కింటివాళ్లు మిమ్మల్ని మనసులో దీవించుకుంటారు.

చెవులకీ ఓ లెక్కుంది. 85 డెసిబెల్స్ శబ్దాన్ని రోజుకి ఎనిమిది గంటలకి మించి వినకూడదంటారు నిపుణులు. మూడు డెసిబెల్స్ పెరిగినప్పుడల్లా ఆ సమయం సగానికి తగ్గిపోతుంది. 94 దగ్గర గంటే! సినిమా అయ్యాక చెవుల్లో 'కుయ్' మంటుంటే... ఎక్కువైందని చెవులే చెబుతున్నాయన్నమాట.

ఇక ఆ ఇంటి సంగతి... మరుసటి ఆదివారం బొమ్మల కొలువు చెదిరింది. సెంటర్ స్పీకర్ అల్మరాలోంచి బయటికొచ్చి నానమ్మ కుర్చీవైపు తలెత్తి చూసింది. రెండు స్పీకర్లు సోఫా పక్కకి వెళ్లాయి. అటక మీది జంపఖానా నేల మీదికి దిగింది. నాన్న పాకాడు, పిల్లలు నవ్వారు. కొత్తగా ఒక్క రూపాయి పెట్టి కొన్నదేమీ లేదు. సాయంత్రం అదే సినిమా మళ్లీ పెట్టారు. వాన పడే సీన్లో నానమ్మ చటుక్కున లేచి, 'డాబా మీద ఒడియాలున్నాయర్రా...' అంటూ కిటికీవైపు నడిచింది.

బయట చుక్కలు కనిపిస్తున్నాయి. ఆవిడ వచ్చి మళ్లీ కూర్చుంది. సినిమా అయిపోయేదాకా 'ఏవన్నాడ్రా' అన్న మాటే వినపడలేదు!